ఆ పనికి ఆ చదువు ఎందుకు?

(నల్లగొండలో కొత్తగా చేరిన ఉద్యోగ, ఉపాధ్యాయుల శిక్షణ తరగతిలో ఒక రిటైర్డ్ తెలుగు పండిట్ చేసిన ప్రసంగ పాఠం)

అందరికీ నమస్కారం. కొత్తగా ఉద్యోగాల్లో చేరిన తమ్ముళ్లు, చెల్లెళ్లు ఎక్కువ మంది కనిపిస్తున్నారు. టీచర్లున్నారు, పంచాయతీరాజ్ వాళ్లున్నారు, ఆస్పత్రుల నుంచి ఫార్మసిస్టులు, ల్యాబ్ టెక్నీషియన్లు వచ్చారు. నాకు ఇచ్చిన అంశం అర్హతలు, వేతన స్కేళ్ల వివాదాలు. రూల్సు చదివి వినిపించడానికి నన్ను పిలిచి ఉండరు, అవన్నీ మీ ఫోన్లలోనే ఉన్నాయి. ముప్పై ఏళ్లు ఆ రూల్సు కింద బతికినవాడిగా నాలుగు మాటలు చెప్తాను.

నేను 1989లో ఒక హైస్కూల్లో తెలుగు పండిట్‌గా చేరాను. గ్రేడ్-2. అప్పట్లో జీతాల బిల్లు చేత్తో రాసేవాళ్లం. మా స్కూల్లో గుమస్తా పోస్టు ఖాళీ. చేతిరాత బాగుంటుందని ఆ పని నాకు అప్పజెప్పారు. నెలలో ఇరవయ్యో తేదీ దాటగానే ఒక సాయంత్రం స్టాఫ్‌రూంలో బల్ల మీద ఆ పొడవాటి బిల్లు పరుచుకుని, స్కేలుబద్ద పెట్టి గీతలు కొట్టి, ఒక్కొక్కరి పేరు, హోదా, మూల వేతనం, డీఏ, ఇంటి అద్దె, కోతలు వరసగా రాసేవాణ్ణి. సోషల్ చెప్పే స్కూల్ అసిస్టెంట్ పేరు పై గీతలో, నా పేరు కింది గీతలో. ఇద్దరం ఒకే సంవత్సరం చేరాం. ఇద్దరం పదో తరగతికి పాఠం చెప్తున్నాం. ఒకే గంటకు ప్రార్థనలో నిలబడుతున్నాం. ఆ రెండు గీతల మధ్య ఉన్న తేడాని నెలనెలా నా చేత్తోనే రాశాను. "తెలుగు సార్, కూడిక సరిపోయిందా?" అని హెడ్మాస్టరు గారు అడిగేవారు. కూడిక సరిపోయేది. మనసు సరిపెట్టుకునేది కాదు.

ఆ తేడా ఇప్పటి అంకెల్లో చెప్తే మీకు తేలిగ్గా అర్థమవుతుంది. తెలంగాణలో 2020 పీఆర్సీ, అంటే వేతన సవరణ సంఘం స్కేళ్లలో ఎస్‌జీటీ, అంటే సెకండరీ గ్రేడ్ టీచర్ స్కేలు 31,040తో మొదలవుతుంది. స్కూల్ అసిస్టెంట్ స్కేలు 42,300తో మొదలవుతుంది. పండిట్ గ్రేడ్-2కీ, ఆటలు నేర్పే పీఈటీకీ ఎస్‌జీటీ స్కేలే. మొదటి మెట్టు మీదే 11,260 రూపాయలు తేడా, దాని మీద డీఏ వేరు. ఆంధ్రప్రదేశ్‌లో 2022 స్కేళ్లలో అవే 32,670, 44,570. సర్వీసు పెరిగే కొద్దీ ఇంక్రిమెంట్లతో ఈ దూరం కొంత అటూ ఇటూ అవుతుంది గానీ పూర్తిగా పోదు. పెన్షన్ దాకా వెంట వస్తుంది. నా పెన్షన్ ఇవాళ్టికీ ఆ కింది గీతలోంచే వస్తోంది.

ఆ తేడా కనిపించని చోటు ఒకటుంది. స్పాట్ వాల్యుయేషన్. ఏప్రిల్ ఎండల్లో ఒక పెద్ద హాల్లో టేబుళ్లేసి, ఒక్కో సబ్జెక్టుకి ఒక్కో మూల కేటాయించి, పదో తరగతి పేపర్లు దిద్దిస్తారు. అక్కడ తెలుగు పేపరు దిద్దినా, సోషల్ పేపరు దిద్దినా రేటు ఒకటే. నువ్వు పండిట్‌వా, స్కూల్ అసిస్టెంట్‌వా అని రేటు మార్చరు. అసిస్టెంట్ ఎగ్జామినర్, పేపరుకు ఇంత, అంతే. ఆ పది రోజులు ప్రభుత్వం మా పనికి వెల కట్టేది. జూన్‌లో బడి తెరవగానే మళ్లీ మా సర్టిఫికెట్‌కి వెల కట్టేది.

స్కేలులో ఆ తేడాకి ప్రభుత్వం చెప్పే కారణం ఏమిటంటే, స్కూల్ అసిస్టెంట్‌కి డిగ్రీ, బీఈడీ కావాలి. పండిట్‌కి విద్వానో భాషాప్రవీణో, అంటే ప్రాచ్య కళాశాల పట్టా ఉండి, పండిట్ ట్రైనింగ్ ఉంటే చాలు. చేరేటప్పుడు అడిగిన అర్హత వేరు కాబట్టి స్కేలు వేరు. వినడానికి సబబుగానే ఉంటుంది. కానీ ప్రాచ్య కళాశాలలో కూర్చుని వ్యాకరణం, ఛందస్సు, ప్రబంధాలు ఏళ్ల తరబడి చదివినవాడు, పదో తరగతి పిల్లవాడికి పద్యం చెప్పడానికి తక్కువ చదివినవాడు ఎలా అయ్యాడు? ఈ ప్రశ్నకి నా సర్వీసులో ఏ ఆఫీసరూ సూటిగా జవాబు చెప్పలేదు. మా పండిట్లలో ఎంఏలు కోకొల్లలు, పీహెచ్‌డీలు కూడా ఉన్నారు. అయినా స్కేలు మారలేదు. ఎందుకంటే స్కేలు మనిషికి కాదు, పోస్టుకి. ఈ మాట గుర్తుపెట్టుకోండి, దీని దగ్గరికి మళ్లీ వస్తాను.

చదువుకి జీతంలో విలువ ఇవ్వొద్దని నేను అనను. నా మనవరాలికి రక్తం గ్రూపు చూసే అమ్మాయి ఆ కోర్సు బాగా చదివి ఉండాలనే కోరుకుంటాను. బ్రిడ్జికి డిజైన్ గీసేవాడు ఇంజినీరింగ్ చదివి ఉండాలి. నేను అడిగేది ఒక్కటే ప్రశ్న. ఆ పనికి ఆ చదువు ఎందుకు కావాలి? ఆ చదువు ఉన్నవాడు చేసే పనికీ, లేనివాడు చేసే పనికీ నిజంగా తేడా ఉందా? తేడా ఉంటే స్కేలులో తేడా న్యాయం. తేడా లేనప్పుడు సర్టిఫికెట్ అడ్డం పెట్టి పనిని చౌకగా చేయించుకోవడం అన్యాయం. వివాదాలన్నీ చివరికి ఈ ప్రశ్న దగ్గరే తేలాలి. కానీ మన కోర్టుల్లో ఈ ప్రశ్న నడిచిన దారి అంత సాఫీగా లేదు.

మన హైదరాబాద్ రాష్ట్రం నుంచే మొదలుపెడతాను. 1956 నవంబర్ 1న ఆ రాష్ట్రం మూడు ముక్కలైంది. తెలుగు జిల్లాలు ఆంధ్రప్రదేశ్‌లో, మరాఠీ జిల్లాలు బొంబాయిలో, కన్నడ జిల్లాలు మైసూరులో కలిశాయి. భూమితో పాటు ఉద్యోగుల్నీ పంచారు. అలా మైసూరుకి వెళ్లినవాళ్లలో ఇంజినీరింగ్ శాఖలో పనిచేసే నరసింగరావు అనే ట్రేసర్ ఒకాయన ఉన్నారు. ట్రేసర్ అంటే ఇప్పటి పిల్లలకి తెలియదు. ఇంజినీరు గీసిన ప్లాను మీద పల్చటి కాగితం పరిచి, సిరాతో గీతకి గీత నకలు తీసేవాడు. చెయ్యి వణకకూడదు, చుక్క సిరా పడకూడదు. పడితే మొత్తం మళ్లీ గీయాలి.

హైదరాబాద్‌లో ట్రేసర్లంతా ఒకటే. మైసూరులో వాళ్లని రెండుగా విడదీశారు. మెట్రిక్ పాసైనవాళ్లకి 50-120 రూపాయల స్కేలు, కానివాళ్లకి 40-80. ఈయన మెట్రిక్ పాస్ కాలేదు. ఒకే బల్ల, ఒకే ప్లాను, ఒకే సిరా, స్కేళ్లు మాత్రం రెండు. ఆయన కోర్టుకెళ్లారు. మైసూరు హైకోర్టు ఆయన వైపే చెప్పింది. ప్రభుత్వం సుప్రీంకోర్టుకి వెళ్లింది. 1967లో సుప్రీంకోర్టు ఆ తీర్పుని కొట్టేసింది. ఎక్కువ చదువు ఉన్నవాళ్లని వేరే తరగతిగా చూడటం రాజ్యాంగంలో సమానత్వం గురించి చెప్పే 14, 16 అధికరణాలకి విరుద్ధం కాదంది. ఆ తీర్పు చదివినప్పుడల్లా నాకు ఆ ట్రేసర్ చెయ్యే కళ్ల ముందు కనిపిస్తుంది. మెట్రిక్‌లో చదివే చరిత్ర, బీజగణితం ఆ గీతని ఇంకొంచెం తిన్నగా గీయిస్తాయా? ఆ తీర్పుని నేను గౌరవిస్తాను. అయినా ఆ ప్రశ్న నాలో అలాగే ఉండిపోయింది.

తర్వాత 1974లో ఇంకో కేసు, అదీ మనదే. మహమ్మద్ షుజాత్ అలీ కేసు. ఆంధ్రప్రదేశ్‌లో విలీనమైన హైదరాబాద్ ఇంజినీరింగ్ శాఖ సూపర్‌వైజర్లది. గ్రాడ్యుయేట్ సూపర్‌వైజర్లకి ప్రమోషన్లో ఎక్కువ వాటా, డిప్లొమా వాళ్లకి తక్కువ వాటా. జస్టిస్ పి.ఎన్. భగవతి రాసిన ఆ తీర్పులో నాకు చాలా ఇష్టమైన భాగం ఒకటుంది. పై పోస్టు పని స్వభావం అడగకపోయినా చదువు పేరుతో తేడా చూపడమంటే, సమానత్వ అధికరణం వెనక ఉన్న సామాజిక లక్ష్యాన్ని నొక్కేయడమేనన్న భావం అందులో ఉంది. అంత మాట అని కూడా, ఆ రెండు వర్గాలూ చరిత్రలో మొదటి నుంచీ వేరువేరుగానే నడిచాయి కాబట్టి ఆ రూలు చెల్లుతుందని చివరికి తేల్చారు. అదే రాష్ట్రం, అదే సూపర్‌వైజర్ల గొడవ మళ్లీ 1989లో మార్కండేయ కేసుగా వచ్చింది. గ్రాడ్యుయేట్లకి ఒక స్కేలు, కానివాళ్లకి ఒక స్కేలు. అప్పుడూ విద్యార్హత తేడా సమంజసమేనని సుప్రీంకోర్టు చెప్పింది.

ఈ రెండు కేసుల మధ్యలో ఒక మంచి తీర్పు వచ్చింది. అది రాసింది మన తెలుగాయనే, అనంతపురం జిల్లా గుత్తిలో పుట్టిన జస్టిస్ ఓ. చిన్నపరెడ్డి గారు. ఆంధ్రప్రదేశ్ హైకోర్టులో పనిచేసి 1978లో సుప్రీంకోర్టుకి వెళ్లారు. 1982లో రణధీర్ సింగ్ అనే ఢిల్లీ పోలీస్ డ్రైవర్ కానిస్టేబుల్ కేసు ఆయన బెంచి ముందుకొచ్చింది. ఢిల్లీ పోలీసులో మెట్రిక్ పాస్ కాని డ్రైవర్‌కి 210-270, పాసైతే 225-308. రైల్వే రక్షణ దళం డ్రైవర్‌కి 260-400. ఢిల్లీ ఆఫీసుల్లో నడిపే డ్రైవర్లకీ 260 నుంచే మొదలు. అందరూ డ్రైవర్లే. బండి ఒకటే, రోడ్డు ఒకటే. పోలీస్ డ్రైవర్‌కైతే పగలూ రాత్రీ డ్యూటీ, పైగా ఎక్కువ బాధ్యత. శాఖ వేరు కాబట్టి జీతం వేరు అన్నది ప్రభుత్వం. చిన్నపరెడ్డి గారు దాన్ని ఒప్పుకోలేదు. సమాన పనికి సమాన వేతనం అనేది నేరుగా ప్రాథమిక హక్కుగా రాసి లేకపోయినా, 39(డి) ఆదేశిక సూత్రాన్ని 14, 16 అధికరణాలతో కలిపి చదివితే అది రాజ్యాంగ లక్ష్యంగా తేలుతుందన్నారు. వాళ్లకి కనీసం రైల్వే రక్షణ దళం డ్రైవర్ల స్కేలైనా ఇవ్వాలని, అదీ 1973 జనవరి 1 నుంచి ఇవ్వాలని ఆదేశించారు.

అప్పుడు నేను ఇంకా చదువుకుంటున్నాను. మా లెక్చరర్ గారు పేపర్లో ఆ వార్త చూసి క్లాసులో చదివి వినిపించారు. గుత్తి నుంచి వెళ్లిన ఒక మనిషి ఢిల్లీలో ఒక డ్రైవర్ పక్షాన నిలబడ్డాడని చెప్తుంటే ఆయన గొంతు గద్గదమైంది. నాకు ఉద్యోగం వచ్చాక, ఆ జీతాల బిల్లు రాస్తూ ఎన్నోసార్లు ఆ క్లాసు గుర్తొచ్చేది.

ఇక నేటి పరిస్థితి. 2016లో జగజీత్ సింగ్ కేసులో సుప్రీంకోర్టు ఈ తీర్పులన్నిటినీ ఒకచోట చేర్చి సూత్రాలు చెప్పింది. పంజాబ్‌లో రెగ్యులర్ వాళ్లతో సమానంగా పనిచేసే తాత్కాలిక, కాంట్రాక్టు ఉద్యోగులకి ఆ పోస్టు స్కేలులో కనీస వేతనం ఇవ్వాలని తీర్పిచ్చింది. మన దగ్గర కాంట్రాక్టు ఉద్యోగులు ఎంటీఎస్, మినిమం టైం స్కేల్ అని అడిగేది ఇదే. సంతోషమే. కానీ అదే తీర్పులో మన మీద పెట్టిన బరువు కూడా చూడండి. పని సమానమని రుజువు చేయాల్సింది అడిగినవాడే. పోస్టు పేరు ఒకటైతే సరిపోదు. పని, బాధ్యత, అర్హత, నియామకం అయిన తీరు, అన్నీ పోలాలి.

అంటే ఏమిటి? మన బాధ ఎంత నిజమైనా, అది కాగితం మీద లేకపోతే కోర్టు ముందు లేనట్టే. "ఇరవై ఏళ్లు పదో తరగతికి చెప్పాను సార్" అంటే చాలదు. ఆ ఇరవై ఏళ్ల టైం టేబుళ్లు హెడ్మాస్టరు సంతకంతో నీ దగ్గర ఉండాలి. స్పాట్ డ్యూటీ ఆర్డర్లు ఉండాలి. పదో తరగతి రిజల్ట్స్‌లో నీ సబ్జెక్టు శాతం రాసిన కాగితం ఉండాలి. నేను 1989 నుంచి 2004 దాకా ఒక్క టైం టేబులూ దాచుకోలేదు. గోడకి అంటించింది చూసుకుని క్లాసుకెళ్లేవాణ్ణి, ఏడాది మారగానే అది చిరిగిపోయేది.

2005లో నా పదహారేళ్ల స్కేలు వచ్చింది. ఇప్పుడు మీకు 6, 12, 18, 24 ఏళ్లకి వచ్చే ఏఏఎస్, అంటే ఆటోమేటిక్ అడ్వాన్స్‌మెంట్ స్కీం స్కేళ్లు అప్పుడు 8, 16, 24 ఏళ్లకి వచ్చేవి. ప్రమోషన్ రాకుండా ఒకే పోస్టులో ఉండిపోయినవాడికి పై పోస్టు స్కేలైనా ఇద్దామని పెట్టిన పథకం. అప్రయత్న పదోన్నతి అని మనవాళ్లు అందమైన పేరు పెట్టుకున్నారు. కానీ అందులో ఒక మెలిక ఉంది. పై పోస్టు స్కేలు కావాలంటే ఆ పై పోస్టుకి కావలసిన అర్హత మనకి ఉండాలి. ప్రమోషన్ పోస్టులు ఖాళీ లేక రాకపోయినా సరే, ఆ అర్హత మాత్రం ఉండాలి. ఎస్‌జీటీకైతే డిగ్రీ, బీఈడీ. నా విషయంలో తెలుగు ఆప్షనల్‌గా డిగ్రీ. నేను విద్వాన్‌తో చేరినా, తర్వాత ప్రైవేటుగా డిగ్రీ పాసయ్యాను. కాబట్టి స్కేలు ఇచ్చారు. బాగానే గడిచింది.

2012లో ఆడిట్ వచ్చింది. ఒక రోజు ఆఫీసు నుంచి మెమో. మీ సర్వీస్ రిజిస్టర్‌లో డిగ్రీ ఎంట్రీ లేదు, ప్రమోషన్ పోస్టుకి అర్హత లేకుండా 2005లో ఇచ్చిన స్కేలు చెల్లదు, ఎక్కువ తీసుకున్న సొమ్ము వాయిదాల్లో రికవరీ చేస్తాం. నాకు నమ్మబుద్ధి కాలేదు. ఆఫీసుకెళ్లి నా ఎస్ఆర్ తీయించాను. గోధుమ రంగు అట్ట, మూలలు నలిగిపోయి, మధ్యలో దారం ఊడిపోతోంది. విద్యార్హతల పేజీ తిప్పాను. 1989లో రాసిన "విద్వాన్, పండిట్ ట్రైనింగ్" అనే రెండు లైన్లు, పక్కన సంతకం. కింద ఖాళీ. ఏళ్ల క్రితం డిగ్రీ సర్టిఫికెట్ జిరాక్స్, దరఖాస్తు స్వయంగా తీసుకెళ్లి టేబుల్ మీద పెట్టి, "ఎంట్రీ వేయండి సార్" అని చెప్పి వచ్చాను. రసీదు తీసుకోలేదు. ఎంట్రీ పడలేదు. ఆ రెండు లైన్ల కింద ఉన్న తెల్ల కాగితాన్ని చాలాసేపు చూస్తూ నిలబడిపోయాను. నా డిగ్రీ ఇంట్లో బీరువాలో ఉంది. నా ఉద్యోగ జీవితంలో మాత్రం అది లేదు.

ఆ రాత్రి ఇంట్లో మా ఆవిడ, "నువ్వు పాసయ్యావు కదా, దానికింత టెన్షన్ ఎందుకు?" అంది. ఆమె అన్నది న్యాయం. కానీ ఆఫీసు ముందు నిలబడేది కాగితమే. అప్పట్లో ఉద్యోగుల కేసులు చూడటానికి మనకి ట్రిబ్యునల్ ఉండేది, రెండు రాష్ట్రాల్లోనూ ఇప్పుడు లేదు, నేరుగా హైకోర్టుకే వెళ్లాలి. ట్రిబ్యునల్‌లో వేశాం. రికవరీ మీద స్టే వచ్చింది. యూనివర్సిటీ నుంచి ధ్రువీకరణ తెప్పించి ఎంట్రీ వేయించుకోవడానికి ఎన్నిసార్లు తిరిగానో లెక్కలేదు. చివరికి ఆర్డరు నా వైపే వచ్చింది. ఆ మధ్యలో పోయిన నిద్ర మాత్రం తిరిగి రాలేదు.

ఇలాంటి రికవరీ మెమో మీలో ఎవరికైనా వస్తే రఫీక్ మసీహ్ కేసు గుర్తుపెట్టుకోండి. 2014 డిసెంబర్‌లో వచ్చింది. ఉద్యోగి మోసం చేయకుండా, ఆఫీసు పొరపాటు వల్ల ఎక్కువ చెల్లించిన సొమ్ముని ఏ సందర్భాల్లో రాబట్టకూడదో సుప్రీంకోర్టు అందులో చెప్పింది. రిటైరైనవాళ్ల నుంచి, ఏడాదిలో రిటైరయ్యేవాళ్ల నుంచి రాబట్టకూడదు. ఐదేళ్లకి మించి అలా చెల్లిస్తూ వచ్చాక రాబట్టకూడదు. కింది తరగతి ఉద్యోగుల నుంచి రాబట్టకూడదు. మెమో చూసి భయపడి సంతకం పెట్టకండి. జవాబు రాయండి, ఆ జవాబుకి రసీదు తీసుకోండి.

రెండో మాట, ఆలస్యం గురించి. జీతం తప్పుగా ఫిక్స్ చేస్తే అది ప్రతి నెలా జరుగుతున్న తప్పు కిందే లెక్క, కాబట్టి ఆలస్యంగా వెళ్లినా కేసు కొట్టేయరు. కానీ 2008లో తర్సేమ్ సింగ్ కేసు నుంచి బకాయిలు సాధారణంగా కేసు వేసిన తేదీకి ముందు మూడేళ్ల వరకే ఇస్తున్నారు. పదేళ్లు నోరు మూసుకుని కూర్చుంటే ఏడేళ్ల బకాయి వదులుకున్నట్టే. మొహమాటంతో పోగొట్టుకున్నవాళ్లని నేను ఎంతమందినో చూశాను. హెడ్మాస్టరు గారు నొచ్చుకుంటారని, ఆఫీసులో సూపరింటెండెంట్ గారు ఏమనుకుంటారోనని.

ఇక్కడ ఒక చెల్లెలు చీటీ పంపింది. చదువుతాను. "సార్, నేను బీ ఫార్మసీ చేశాను. నా పోస్టుకి డీ ఫార్మసీ ఉన్నా చాలు. నేను ఎక్కువ చదివాను కాబట్టి ఎక్కువ స్కేలు అడగవచ్చా?"

మంచి ప్రశ్నమ్మా. జవాబు నీకు నచ్చకపోవచ్చు. అడగడానికి వీల్లేదు. ఇందాక ఒక మాట గుర్తుపెట్టుకోమన్నాను, స్కేలు పోస్టుకి, మనిషికి కాదు అని. ఆ మాట మా పండిట్లని దెబ్బ కొట్టింది, ఎంఏ చదివినా స్కేలు మారలేదు. అదే మాట నిన్నూ ఆపుతుంది. నువ్వూ, డీ ఫార్మసీ చదివిన నీ పక్క అబ్బాయీ అదే కౌంటర్లో అవే మందులు ఇస్తున్నారు. నీకు ఎక్కువ ఇమ్మంటే, ఆ ట్రేసర్‌కి తక్కువ ఇచ్చిన తర్కాన్నే మనం ఒప్పుకున్నట్టు. పనికి జీతం అని మనం అడిగితే, అది మనకి నష్టమైన చోట కూడా అడగాలి. నీ చదువుకి తగిన పోస్టు కావాలని అడుగు. ప్రమోషన్ ఛానల్ కావాలని అడుగు. ఆస్పత్రిలో మందుల నాణ్యత చూసే బాధ్యత నాకు ఇవ్వండి అని అడుగు. అవి న్యాయమైన కోరికలు, వాటికి మేమందరం నీ వెంట ఉంటాం.

మా పండిట్ల సంగతి పూర్తి చేస్తాను. గ్రేడ్-2 పండిట్, పీఈటీ పోస్టుల్ని స్కూల్ అసిస్టెంట్లుగా అప్‌గ్రేడ్ చేస్తూ తెలంగాణ ప్రభుత్వం 2017లో ఉత్తర్వులిచ్చింది. వేల పోస్టులు. ఆ రోజు మేం స్వీట్లు పంచుకున్నాం. ఆ తర్వాత మా ఎస్‌జీటీ మిత్రులు ఆ పోస్టులకి మేమూ అర్హులమే అన్నారు. వాళ్లలోనూ తెలుగు ఎంఏలు ఉన్నారు, వాళ్ల వాదన తప్పని నేను అనలేను. కేసులు, స్టేలు. మావాళ్లు తొమ్మిది, పది తరగతులకి చెప్పం అని కూడా నిరసన తెలిపారు. పిల్లల ముఖం చూసి నేను ఆ పని చేయలేకపోయాను. చేసినవాళ్లని తప్పు పట్టను. చివరికి 2024లో ప్రమోషన్లు ఇచ్చారు. నేను 2019లో యాభై ఎనిమిదేళ్లు నిండి గ్రేడ్-2గానే రిటైరయ్యాను. ఉత్తర్వుకీ అమలుకీ మధ్య ఏడేళ్లు. ఆ ఏడేళ్లలో దిగిపోయినవాళ్లు, చనిపోయినవాళ్లు చాలామంది ఉన్నారు. అంతకు ముందు తరం వాళ్లదీ ఇదే కథ. నెలకి 398 రూపాయలకి పనిచేసిన స్పెషల్ టీచర్లు ఆ కాలానికి నోషనల్ ఇంక్రిమెంట్లు, అంటే కాగితం మీద లెక్కకి కలిపే ఇంక్రిమెంట్లు ఇమ్మని దశాబ్దాలు తిరిగారు. ఒకరి పోస్టు పెరిగితే ఇంకొకరి పోస్టు తగ్గుతుందనే భయంలో మనల్ని ఉంచినన్నాళ్లూ మనలో మనమే కోర్టుకెక్కుతుంటాం. మిగతా ఉద్యోగులారా, మీ శాఖల్లో కూడా ఇదే జరుగుతుంది, ముందే మాట్లాడుకోండి.

చివరగా టెట్, అంటే ఉపాధ్యాయ అర్హత పరీక్ష. ఉదయం నుంచీ టీచర్లందరూ అదే అడుగుతున్నారు. 2025 సెప్టెంబర్ 1న సుప్రీంకోర్టు తీర్పు వచ్చింది. విద్యాహక్కు చట్టానికి ముందు చేరిన టీచర్లు కూడా, ఐదేళ్లకి మించి సర్వీసు మిగిలి ఉంటే రెండేళ్లలో టెట్ పాసవ్వాలి. ఐదేళ్ల లోపు ఉన్నవాళ్లు టెట్ లేకుండా కొనసాగవచ్చు, ప్రమోషన్ కావాలంటే మాత్రం ఉండాలి. ఇరవై ఐదేళ్లు పాఠం చెప్పిన మనిషిని పరీక్ష రాసి నిరూపించుకో అనడం నాకు కష్టంగానే ఉంది. నా ప్రశ్నే మళ్లీ వేస్తాను, ఆ మనిషి ఇరవై ఐదేళ్లు చేసిన పనికి ఈ పరీక్ష ఏం కలుపుతుంది? కొత్తగా వచ్చేవాళ్లకి టెట్ పెట్టడం సరైనదే. పిల్లలకి మంచి టీచర్ దొరకాలి. పాతవాళ్లకి మాత్రం ప్రభుత్వం శిక్షణ ఇవ్వాలి, సెలవు ఇవ్వాలి, వాళ్లు చెప్పే సబ్జెక్టుకి తగ్గ ప్రశ్నలు ఇవ్వాలి. దాని కోసం సంఘాలు కొట్లాడుతున్నాయి, కొట్లాడనివ్వండి. మీలో పాత టీచర్లు మాత్రం ఈ రెండేళ్లని కోపంతో గడపకండి. పుస్తకం తీయండి. ఇంట్లో పిల్లల టెట్ పుస్తకాలు ఉంటే వాళ్ల పక్కనే కూర్చుని చదవండి. మీరు ఫెయిలైతే మీ కోపం మీ ఉద్యోగాన్ని కాపాడదు.

టైం అయిపోయిందంటున్నారు. ఇంకో రెండు నిమిషాలు. ఈ శిక్షణకి వచ్చేటప్పుడు మీ ఎస్ఆర్ జిరాక్స్ తెచ్చుకోమని చెప్పాం. కొందరు తెచ్చారు, కొందరికి ఆఫీసు ఇవ్వలేదు. ఇవ్వనివాళ్లు సమాచార హక్కు కింద దరఖాస్తు పెట్టండి, అది మీ సొంత రికార్డే. భోజనం తర్వాత వెనక ఆ కిటికీ పక్కన టేబుల్ దగ్గర కూర్చుంటాను. ముందు విద్యార్హతల పేజీ తీయండి. మీరు చదివినవన్నీ అక్కడ ఉన్నాయో లేదో ఇద్దరం కలిసి చూద్దాం. లేని ఎంట్రీకి దరఖాస్తు ఇక్కడే రాసేద్దాం, రెండు కాపీలు, ఒకటి ఆఫీసుకి, ఇంకొకటి మీకు ముద్ర వేయించుకుని తెచ్చుకోవడానికి. ఎంతమందైనా రండి, సాయంత్రం బస్సు దాకా నేను ఇక్కడే ఉంటాను. ఆ మూల కూర్చున్న చెల్లీ, నీ చేతిలో ఉన్నది ఎస్ఆరేనా? ముందు నువ్వు రా.